వంటింటి కబోర్డుల కింద లైట్లు: స్ట్రిప్పా, టీ5 ట్యూబా, ఛార్జింగ్ బారా?

వంటింట్లో వెలుగు చాలట్లేదని చాలామంది సీలింగ్‌కి ఇంకో ట్యూబ్‌లైట్ పెట్టించేస్తారు. గది అంతా తెల్లగా వెలుగుతుంది గానీ గట్టు మీద మాత్రం నీడ అలాగే ఉంటుంది. లైటు మన వీపు వెనకాల ఉంటుంది, మనం గోడ వైపు తిరిగి నిలబడతాం, మన నీడే కూరలు తరిగే చెక్క మీద పడుతుంది, పైన కబోర్డులుంటే వాటి నీడ కూడా తోడవుతుంది. తోటకూర ఆకు తిప్పి పురుగు చూడాలన్నా, కందిపప్పులో రాయి ఏరాలన్నా, చేప ముక్క మీద పొలుసు మిగిలిందో లేదో చూడాలన్నా వెలుగు మన ముందు నుంచి, దగ్గర నుంచి రావాలి. అందుకే కబోర్డు కింద లైటు సోకు కోసమని నేననుకోను. రోజుకి మూడు నాలుగు గంటలు గట్టు దగ్గర నిలబడేవాళ్లకి అది అవసరం.

ఇక ఏది కొనాలి అనే దగ్గరే తికమక. షాపుకెళ్తే రిబ్బన్‌లా చుట్టిన ఎల్‌ఈడీ స్ట్రిప్ రోల్స్ చూపిస్తారు, ఆన్‌లైన్‌లో సెన్సర్ బార్లు కనిపిస్తాయి, ఎలక్ట్రీషియన్ టీ5 అనే సన్నటి ట్యూబ్ పెట్టేద్దాం అంటాడు, ఇంటీరియర్ వాళ్లు ప్రొఫైల్ లైట్ (అల్యూమినియం పట్టీలో కూర్చోబెట్టిన స్ట్రిప్) అని పెద్ద కొటేషన్ ఇస్తారు. నా అభిప్రాయం మొదటే చెప్పేస్తాను: మీ ఇంట్లో వుడ్‌వర్క్ ఇంకా కాలేదా, అయిపోయిందా, లేక అద్దె ఇల్లా అన్నదే ముప్పావు వంతు జవాబు తేల్చేస్తుంది. మిగతా పావు వంతు జిడ్డు, డ్రైవర్ (ఎల్‌ఈడీకి కరెంటు ఇచ్చే డబ్బా), రంగు.

## ముందు ఏం చూడాలి

వెలుగు ఎక్కడ పడుతుంది. మామూలుగా గట్టు వెడల్పు రెండడుగులు, పై కబోర్డు లోతు అడుగు, అడుగుంపావు. లైటుని కబోర్డు కింద గోడకి ఆనించి పెడితే టైల్స్ అందంగా మెరుస్తాయి కానీ మీరు తరిగే చోటు గట్టు ముందు భాగంలో ఉంటుంది కాబట్టి అక్కడ వెలుగు పలచబడిపోతుంది. ముందు అంచుకి రెండు మూడు అంగుళాల లోపల పెట్టాలి. ఫొటోలకి గోడ వైపు పెట్టిందే బాగుంటుంది, పనికి ముందు వైపు పెట్టిందే బాగుంటుంది. హాల్లో సోఫాలో కూర్చుంటే వంటిల్లు కనిపించే ఓపెన్ కిచెన్ అయితే ముందు పెట్టిన లైటు కళ్లలోకి కొడుతుంది, దానికి అంగుళం, అంగుళంన్నర చెక్క పట్టీ అడ్డుగా వేయించాలి. తలుపు రెక్క కబోర్డు అడుగు కంటే కొంచెం కిందికి దిగేలా చేయించినా చాలు. హ్యాండిల్ లేని షట్టర్లకి వేళ్లు పట్టేందుకు ఎలాగూ అలా చేస్తుంటారు, లైటు కూడా దాని వెనక దాక్కుంటుంది.

జిడ్డు, ఆవిరి. మన వంటలో తాలింపు లేని రోజు ఉండదు. వారానికోసారైనా బాణలిలో నూనె కాగుతుంది, కుక్కర్ ఆవిరి రోజూ లేస్తుంది. చిమ్నీ ఉన్నా నూనె పొర కబోర్డు అడుగున పేరుకుంటూనే ఉంటుంది, వేలితో రాసి చూడండి తెలుస్తుంది. తడి గుడ్డతో తుడవడానికి వీలుకాని లైటు ఎంత మంచిదైనా ఏడాది తిరిగేసరికి మసకబారుతుంది.

పాడైతే ఎలా. ఎల్‌ఈడీ చిప్పుల కంటే ముందు పోయేది వాటికి కరెంటు ఇచ్చే డ్రైవరే. దాన్ని స్టూలేసుకుని తీసి మార్చగలమా, లేక టైల్ పగలగొట్టాలా అన్నది కొనేరోజే ఆలోచించాల్సిన విషయం.

రంగు. వెలుగు ఛాయని చెప్పే కెల్విన్ అంకె ఒక్కటే చూసి తృప్తిపడకండి, సీఆర్‌ఐ కూడా అడగండి. 3000 కెల్విన్ అంటే పసుపు ఛాయ, 4000 అంటే పసుపూ నీలమూ కాని తెలుపు, 6500 అంటే మన ట్యూబ్‌లైట్ తెలుపు. సీఆర్‌ఐ అంటే ఆ వెలుగులో వస్తువుల రంగులు ఎంత నిజంగా కనిపిస్తాయో చెప్పే అంకె, 100కి ఎంత దగ్గరగా ఉంటే అంత మంచిది. మామూలు సరుకు 80 దగ్గర ఉంటుంది, 90 పైన దొరికితే వదలొద్దు. తేడా ఎర్ర రంగుల్లో బాగా తెలుస్తుంది: టమాటా, కారం, మాంసం తక్కువ సీఆర్‌ఐ కింద కళ తప్పినట్టుంటాయి. వంటింటికి నా ఓటు 4000కి. సీలింగ్ లైటు 6500 ఉండి గట్టు మీద 3000 పెడితే రెండు రంగులు కలిసి గది పొంతన లేకుండా ఉంటుంది, అందుకని రెండూ ఒకేలా, లేదా దగ్గరదగ్గరగా ఉండేలా చూసుకోండి. వానాకాలం మొదట్లో ఉసిళ్ల బెడద ఉన్న ఇళ్లలో ఒక చిన్న సంగతి, నీలం ఛాయ తెలుపు కంటే పసుపు ఛాయకి పురుగులు కాస్త తక్కువగా వస్తాయి.

## ఒక చూపులో

| ఆప్షన్ | గట్టు మీద వెలుగు | జిడ్డు తుడవడం | పాడైతే | ఎవరికి సరిపోతుంది |
|---|---|---|---|---|
| ప్రొఫైల్‌లో 12 లేదా 24 వోల్టుల స్ట్రిప్ | నీడ లేకుండా పొడవునా సమానం | కవర్ మీద గుడ్డతో తుడిస్తే చాలు | డ్రైవర్, స్ట్రిప్ విడివిడిగా మార్చొచ్చు | సొంతిల్లు, వుడ్‌వర్క్ ఇంకా జరగాల్సినవాళ్లు |
| టీ5 ట్యూబ్ బ్యాటెన్ | బాగా ఎక్కువ | సులువు | మొత్తం తీసి కొత్తది పెట్టాలి, అయినా చవక | వుడ్‌వర్క్ అయిపోయిన సొంతిల్లు |
| 230 వోల్టుల రోల్ | ఎక్కువే, మిణుకు ఉంటుంది | కష్టం | ముక్క కోసి అతకాలి | వంటగట్టుకి ఎవరికీ వద్దు |
| ఛార్జింగ్ సెన్సర్ బార్ | ఓ మోస్తరు | ఊడదీసి తుడుచుకోవచ్చు | బ్యాటరీ పోతే బార్ పోయినట్టే | అద్దె ఇల్లు, హాస్టల్, చిన్న గది |
| గుండ్రటి స్పాట్ లైట్లు | అక్కడక్కడ గుండ్రంగా | సులువు | ఒక్కోటీ మార్చొచ్చు | అద్దాల షోకేస్ ఉన్నవాళ్లు |

## ప్రొఫైల్‌లో స్ట్రిప్: ఖర్చు ఎక్కువ, సరిగ్గా చేయిస్తే దీన్ని మించింది లేదు

ఇందులో మూడు వస్తువులుంటాయి. స్ట్రిప్ ఒకటి, అది కూర్చునే అల్యూమినియం ప్రొఫైల్, దాని మీద పాల రంగు కవర్ ఒకటి, కరెంటుని 12 లేదా 24 వోల్టులకి తగ్గించే డ్రైవర్ ఒకటి. చాలామంది డబ్బంతా స్ట్రిప్ మీద పెట్టి మిగతా రెండిటి దగ్గర బేరాలాడతారు. నేనైతే తిరగేసి చెప్తాను, స్ట్రిప్ మధ్యరకం అయినా నడుస్తుంది, ప్రొఫైల్, డ్రైవర్ మంచివి కొనండి. ప్రొఫైల్ లేకుండా స్ట్రిప్‌ని నేరుగా ప్లైవుడ్‌కి దాని వెనకున్న టేపుతో అతికిస్తే మూడు చెడ్డ పనులు జరుగుతాయి. వేడి బయటికి పోక చిప్పులు తొందరగా మసకబారతాయి, జిడ్డు నేరుగా చిప్పుల మీద కూర్చుంటుంది, తుడవబోతే స్ట్రిప్ చిరుగుతుంది. పైగా మన ఇళ్లలో ఎక్కువగా వేసే నల్ల గ్రానైట్ అద్దం లాంటిది, కవర్ లేని స్ట్రిప్ చుక్కలు చుక్కలుగా దాంట్లో కనిపిస్తుంది, పాలిష్ బాగుంటే ఇంకా ఎక్కువ. ఆ చుక్కలు కొన్నాళ్లకి అలవాటవుతాయని కొందరంటారు, కొందరికి మాత్రం తలనొప్పి తెప్పిస్తాయి.

నీళ్లు తగులుతాయి కదా అని పైన పారదర్శక పూతతో నీటి జల్లుని తట్టుకునే ఐపీ 65 రకం తీసుకోమని షాపుల్లో సలహా ఇస్తుంటారు. నాకు ఆ సలహా నచ్చదు. చౌక రకాల్లో ఆ పూత వేడికి, పొగకి కొన్నాళ్లకి పసుపు తిరుగుతుంది, మీరు కొన్న 4000 కెల్విన్ కాస్తా పసుపు ఛాయకి మారుతుంది. పూత లేని మామూలు స్ట్రిప్ కొని కవర్ ఉన్న ప్రొఫైల్‌లో పెట్టడమే మేలు, తుడిచేది కవర్‌నే కదా. సింక్‌కి మరీ దగ్గరైన ముక్కకి మాత్రం పూత ఉన్నది వాడినా తప్పులేదు.

స్ట్రిప్‌లోనే మళ్లీ రెండు రకాలు. మీటరుకి 60, 120 చిప్పులు విడివిడిగా కనిపించేది ఒకటి, చిప్పులు కలిసిపోయి ఒకే గీతలా వెలిగే సీఓబీ రకం ఒకటి, దీంట్లో మీటరుకి 320, 480 అలా ఉంటాయి. ప్రొఫైల్ బాగా పలచనిదై కవర్‌కి, చిప్పుకి మధ్య ఖాళీ లేకపోతే సీఓబీ తీసుకోండి, చుక్కలు అసలు కనపడవు. ప్రొఫైల్ కాస్త లోతుంటే 120 చిప్పులది చాలు, అది చవక, కోయడం అతకడం కూడా తేలిక. మీటరుకి 10 వాట్ల లోపు సరిపోతుంది, 14, 18 వాట్లవి గ్రానైట్ మీద పడి కళ్లు జిగేలుమంటాయి.

12 వోల్టులా, 24 వోల్టులా అన్న చర్చకి కొలత టేపు పట్టుకుని జవాబు చెప్పాలి. ఎల్ ఆకారం వంటిల్లు తీసుకుందాం. కిటికీ కింద సింక్ ఉంటుంది, అక్కడ పై కబోర్డు ఉండదు. స్టవ్ మీద చిమ్నీ 60 లేదా 90 సెంటీమీటర్లు తినేస్తుంది, దానికి దాని లైటు ఉంటుంది. ఇవన్నీ పోగా నిజంగా లైటు పట్టే పొడవు చాలా ఇళ్లలో మూడు మీటర్లు దాటదు. మీటరుకి 9.6 వాట్ల చొప్పున 28.8 వాట్లు. దీనికి 12 వోల్టులైతే 2.4 ఆంపియర్లు, 24 అయితే అందులో సగం. డ్రైవర్ పక్కనే ఉంటే తేడా కంటికి కనపడదు. డ్రైవర్‌ని మూడు మీటర్ల అవతల అటక మీద పెట్టి సన్న వైరు లాగితే మాత్రం 12 వోల్టుల్లో అర వోల్టు వైరులోనే పోతుంది, కాబట్టి 24 తీసుకోండి. అయిదు మీటర్లు దాటే పొడవాటి వంటిళ్లకీ అంతే, 12 వోల్టుల స్ట్రిప్ చివరికొచ్చేసరికి డల్ అవుతుంది.

డ్రైవర్ లెక్క ఇలా వేసుకోండి, స్ట్రిప్ మొత్తం వాట్లకి పావు వంతు కలపాలి. 28.8కి కలిపితే 36 వాట్లు. సరిగ్గా 30 వాట్ల డ్రైవర్ పెడితే రోజూ ఒళ్లు కాలిపోతూ పనిచేస్తుంది, మే నెలలో మన ఊళ్లలో అటక మీద వేడి ఎలా ఉంటుందో తెలిసిందే. డబ్బా మీద ఆర్ అక్షరంతో మొదలయ్యే బీఐఎస్ (భారత ప్రమాణాల సంస్థ) రిజిస్ట్రేషన్ నంబరు ఉందో లేదో చూడండి. ఎంత కరెంటు తింటుందో అని భయం అక్కర్లేదు, 30 వాట్లు రోజుకి నాలుగు గంటలు వెలిగినా నెలకి మూడున్నర యూనిట్లు పైచిలుకే.

దీనికి ఉన్న అసలు లోపం సమయం. ప్రొఫైల్ కబోర్డు అడుగులో మునిగేలా రావాలంటే కార్పెంటర్ గాడి తీయాలి, వైరు కబోర్డు వెనక నుంచి రావాలి, ఎలక్ట్రీషియన్ టైల్స్ వేయకముందే పాయింట్ వదలాలి. ఈ ముగ్గురూ ఒకరికొకరు చెప్పుకోరు, మీరే చెప్పాలి. వుడ్‌వర్క్ అయిపోయాక చేయించినా పైకి కనిపించే రకం ప్రొఫైల్ స్క్రూలతో బిగించొచ్చు, కానీ వైరు దాచడానికి పడే తిప్పలు చూస్తే అప్పుడు టీ5 దగ్గరికే మనసు పోతుంది.

## టీ5 బ్యాటెన్: అందం కాస్త తక్కువ, పని గట్టిది

లోపలే డ్రైవర్ ఉండి నేరుగా 230 వోల్టులకి కలిపే సన్నటి ట్యూబ్ ఇది. అడుగు, రెండడుగులు, నాలుగడుగుల సైజుల్లో దొరుకుతుంది, వరసగా 5, 10, 20 వాట్లు ఉంటాయి. 4 అడుగులది మామూలుగా 200 నుంచి 400 రూపాయల మధ్య వస్తుంది, అంటే ప్రొఫైల్ స్ట్రిప్‌కి అయ్యే ఖర్చులో చిన్న భాగం. రెండు క్లిప్పులు బిగించి, ట్యూబ్ నొక్కి, వైరుని స్విచ్ బోర్డుకి తీసుకెళ్తే పని అయిపోతుంది. ఒకదానికొకటి జోడించుకునే పిన్నులు కూడా ఉంటాయి కాబట్టి ఒకే వైరుతో వరసగా రెండు మూడు పెట్టొచ్చు.

దీన్ని ఇంటీరియర్ వాళ్లు చిన్నచూపు చూస్తారు. అది నాకు అన్యాయంగా తోస్తుంది. వెలుగు విషయంలో ప్రొఫైల్ స్ట్రిప్‌కి ఏమీ తీసిపోదు, ఒంటి మీద ప్లాస్టిక్ గొట్టం ఉంటుంది గనుక జిడ్డు తుడవడం తేలిక, పాడైతే మీ వీధి చివర ఎలక్ట్రికల్ షాపులో దొరుకుతుంది. అయిదేళ్ల తర్వాత మీ ప్రొఫైల్ స్ట్రిప్‌కి సరిగ్గా అదే రంగు ముక్క దొరకడం కష్టం, టీ5కి ఆ బాధ లేదు. జిల్లా కేంద్రానికి దూరంగా ఉండే ఊళ్లలో ఇదే పెద్ద లాభం.

ఇబ్బందులు రెండు. మూడు నాలుగు సెంటీమీటర్లు కిందికి కనిపిస్తుంది, అడ్డు పట్టీ లేకపోతే బాగోదు. రెండోది భద్రత, ఇది ఇంటి కరెంటు మీద నడిచేది కాబట్టి సింక్‌కి, కుళాయికి కనీసం చెయ్యి చాపినంత దూరం ఉండాలి, తడి చేత్తో తాకకూడదు, తుడిచే ముందు స్విచ్ ఆపాలి. ఇంట్లో ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే వెంటనే సరఫరా ఆపేసే స్విచ్) లేకపోతే లైటు సంగతి తర్వాత, ముందు అది పెట్టించండి.

కడప బండలతో అరలు కట్టిన పాత ఇళ్లవాళ్లకి ఓ మాట. బండ అంచులో డ్రిల్లు పెడితే పెచ్చు లేస్తుంది, ఒక్కోసారి బీట తీస్తుంది. క్లిప్పులు బండకి కాకుండా దాని కింద గోడకి బిగించి ట్యూబ్‌ని వాలుగా ముందుకి తిప్పండి. అరల లోతు తక్కువగా ఉంటుంది కాబట్టి గోడ నుంచి వచ్చినా వెలుగు గట్టు అంచు దాకా అందుతుంది. లేదంటే ఖాళీ ప్రొఫైల్‌ని సిలికాన్‌తో బండకి అతికించి ఒక రోజు ఆరనిచ్చి తర్వాత స్ట్రిప్ పెట్టుకోవచ్చు.

## 230 వోల్టుల రోల్: ఇక్కడ వద్దు

ఫాల్స్ సీలింగ్ చుట్టూ వెలిగేది, దీపావళికి బాల్కనీకి చుట్టేది ఇదే. చవక, ఎంత పొడవైనా లాగొచ్చు, డ్రైవర్ గొడవ లేదు. అందుకే ఎలక్ట్రీషియన్లు తరచూ ఇదే తెస్తారు. కానీ దీనికున్న చిన్న ప్లగ్గు కరెంటుని డీసీగా మారుస్తుందే తప్ప వోల్టేజీ తగ్గించదు, అంటే రోల్ పొడవునా ఇంటి కరెంటే ఉంటుంది. చాలావాటిని మీటరు లెక్కన కోయాలి, మీ కబోర్డు రెండున్నర మీటర్లైతే మిగిలిన అర మీటరు ఎక్కడ దాస్తారు? కోసిన చివర మూత ఊడితే తడి చేతులు తిరిగే చోట అది ప్రమాదం. చౌక రకాలు సెకనుకి వందసార్లు మిణుకుతాయి, కత్తి పట్టుకుని పనిచేసే చోట అది కంటికి శ్రమ. పరీక్ష సులువు, ఫోన్ కెమెరా తెరిచి లైటు వైపు పెట్టండి, నల్ల చారలు కదులుతుంటే మిణుకు ఉన్నట్టే.

## ఛార్జింగ్ సెన్సర్ బార్: అద్దె ఇంటికి

గోడకి మేకు కొట్టినా ఓనర్ ఊరుకోని ఇళ్లలో ఇదొక్కటే దారి. ఇనప పట్టీ టేపుతో అతికించి బార్‌ని అయస్కాంతంతో తగిలించడమే, ఇల్లు మారినప్పుడు పట్టుకుపోవచ్చు. అతికించే ముందు కబోర్డు అడుగుని సబ్బు నీళ్లతో కడిగి ఆరబెట్టి ఆ తర్వాత స్పిరిట్‌తో తుడవండి, జిడ్డు మీద ఏ టేపూ నిలవదు.

దీని మీద ఆశలు మాత్రం హద్దులో పెట్టుకోవాలి. మనిషి కదలికని పట్టే సెన్సర్ మన ఒంటి వేడికీ చుట్టూ ఉన్న వేడికీ తేడాని బట్టి పనిచేస్తుంది, ఎండాకాలం వంటిల్లు 37, 38 డిగ్రీలకి చేరితే ఆ తేడా తగ్గి సెన్సర్ మందకొడిగా మారుతుంది. కదలకుండా నిలబడి పప్పు ఏరుతుంటే అర నిమిషంలో ఆరిపోతుంది. ఎప్పుడూ వెలిగే మోడ్‌లో పెడితే కొన్ని గంటల్లోనే ఛార్జింగ్ అయిపోతుంది. స్టవ్ పక్కన అసలు పెట్టొద్దు, లిథియం బ్యాటరీకి వేడి పడదు. రాత్రి నీళ్లకి లేచేవాళ్లకి, కరెంటు పోయినప్పుడు, వారానికి రెండు మూడు రోజులే వండుకునేవాళ్లకి బాగుంటుంది. ఇద్దరు పిల్లలు, పెద్దవాళ్లు ఉండి మూడు పూటలా వండే ఇంటికి నెల తిరక్కముందే విసుగొస్తుంది. అద్దె ఇంట్లో ఉండి ఎక్కువ వండేవాళ్లు ఓనర్‌ని అడిగి రెండడుగుల టీ5 ఒకటి ప్లగ్గుతో పెట్టుకోవడం మంచిది, దానికి గోడ పగలగొట్టక్కర్లేదు.

గుండ్రటి స్పాట్ లైట్ల గురించి ఎక్కువ చెప్పను. అవి పడిన చోట వెలుగు, మధ్యలో నీడ. అద్దాల అరలో గాజు సామాను చూపించుకోవడానికి తీసుకోండి, తరిగే చోటుకి కాదు. రంగులు మారే స్ట్రిప్ కూడా వంటగట్టుకి అనవసరం, మూడు రంగులు కలిపి చేసిన తెలుపులో కూరగాయల రంగు తేడాగా కనిపిస్తుంది.

## చేయించేటప్పుడు

సీలింగ్ లైటుతో కలపకుండా దీనికి వేరే స్విచ్ పెట్టించండి, ఇన్వర్టర్ ఉంటే ఆ లైన్‌కి కలపండి, 30 వాట్లు దానికి బరువు కాదు. చెయ్యి ఊపితే వెలిగే సెన్సర్లు పిండి చేతులతో ఉన్నప్పుడు హాయే గానీ మామూలు స్విచ్ తక్కువ పాడవుతుంది. పైగా స్విచ్ డ్రైవర్‌కి ముందు ఉంటుంది కాబట్టి ఆపితే డ్రైవర్‌కీ విశ్రాంతి.

డ్రైవర్‌ని స్టవ్ మీది అరలో గానీ గాలాడని చెక్క పెట్టెలో గానీ పెట్టనివ్వకండి. కబోర్డు పైన, అటక అంచున, చెయ్యి అందేచోట పెట్టించండి. స్టవ్ బర్నర్లకి నేరుగా పైన స్ట్రిప్ వేయొద్దు. స్ట్రిప్‌ని రాగి గుర్తు ఉన్న చోటే కోయాలి, 12 వోల్టుల దాంట్లో మామూలుగా మూడు చిప్పులకోసారి ఆ గుర్తు వస్తుంది. మూల తిరిగే చోట క్లిప్ కనెక్టర్ కంటే వైరు సోల్డరింగ్ చేయించడమే నమ్మకం, వేడికి జిడ్డుకి క్లిప్పులు వదులవుతాయి.

హైదరాబాద్‌లో ఉంటే ట్రూప్ బజార్‌లో ఇవన్నీ ఒకేచోట వెలిగించి చూపిస్తారు, అరచెయ్యి కింద పెట్టి చూడండి, చర్మం రంగు పాలిపోయినట్టు కనిపిస్తే సీఆర్‌ఐ తక్కువని అర్థం. ఒకే రోల్‌లోంచి మొత్తం పొడవు తీసుకోండి, వేర్వేరు రోల్స్ తెలుపులో తేడా వస్తుంది. అర మీటరు ఎక్కువే కొని ప్రొఫైల్ కవర్ ముక్కతో పాటు అటక మీద దాచండి, బిల్లు మీద డ్రైవర్ మోడల్, వోల్టులు, వాట్లు రాయించి అదే వివరాలు మార్కర్‌తో డ్రైవర్ పక్కన కబోర్డు మీద కూడా రాయండి, మార్చాల్సి వచ్చిన రోజు ఎలక్ట్రీషియన్ ఒక్క ఫొటోతో షాపుకెళ్లి సరైనది తెస్తాడు.